వాజ్‌పేయి రాజకీయ జీవితంలో అతి పెద్ద విజయం ఏది?

అందరూ పోఖ్రాన్ అంటారు, కార్గిల్ అంటారు, స్వర్ణ చతుర్భుజి రహదారులంటారు. నన్నడిగితే 1999 ఏప్రిల్ 17న లోక్‌సభ విశ్వాస పరీక్షలో ఒక్క ఓటుతో ఓడిపోవడమే. విజయం అడిగితే ఓటమి చెబుతున్నాడేమిటని నవ్వకండి. మాది హనుమకొండ, ఈ విషయంలో మా లెక్కలు వేరు.

ఆ రోజు శనివారం. డిగ్రీ పరీక్షల పుస్తకాలు పక్కన పడేసి తాతయ్యతోపాటు దూరదర్శన్ ముందు కూర్చున్నాను. ఆయన క్యాలెండర్‌లో మార్చి కాగితం చించి, వెనకవైపు పెన్సిలుతో పార్టీలవారీగా అంకెలు వేసుకున్నారు. జయలలిత మద్దతు వెనక్కి తీసుకున్నారు కనుక అన్నాడీఎంకే 18 అవతలి వరుసలోకి పోయింది. ఇవతల తెలుగుదేశం 12 అని రాసి, కాసేపాగి కొట్టేసి 11 అని దిద్దారు. "బాలయోగి స్పీకరు కదరా, ఆయనకు ఓటెక్కడిది?" అన్నారు. మాయావతి పార్టీ వాళ్లు అయిదుగురూ ఓటింగుకు దూరంగా ఉంటారని నమ్మి, వాళ్లను కాగితం అంచున విడిగా పెట్టారు.

అనుకూలం 269, వ్యతిరేకం 270. తాతయ్య ఏమీ అనలేదు. అంచున ఉన్న ఆ అయిదు చుట్టూ పెన్సిలుతో సున్నా చుడుతూనే ఉన్నారు, కాగితం చిరిగేదాకా.

ఇప్పటికీ జనం గిరిధర్ గమాంగ్‌నే తిడతారు. ఫిబ్రవరిలోనే ఒడిశా ముఖ్యమంత్రి అయినా ఎంపీ పదవికి రాజీనామా చేయకుండా వచ్చి ఓటేశారు, నిజమే. బాలయోగి ఆయన విజ్ఞతకే వదిలేశారు. మరి దూరంగా ఉండకుండా వ్యతిరేకంగా ఓటేసిన ఆ మాయావతి పార్టీ బీఎస్పీ అయిదుగురి మాటేమిటి? విప్‌ను ధిక్కరించిన నేషనల్ కాన్ఫరెన్స్ సైఫుద్దీన్ సోజ్ మాటేమిటి? గమాంగ్ రాకపోతే 269-269 అయ్యేది, అప్పుడు నిర్ణాయక ఓటు స్పీకరుగా ఉన్న మన అమలాపురం ఎంపీ బాలయోగి చేతికొచ్చేది. తాతయ్యకు జీవితాంతం మిగిలిన బాధ అదే.

ఆ ఓటమి వల్లే వాజ్‌పేయి గెలిచారని నా వాదన. 1996లో 13 రోజులు, తర్వాత 13 నెలలు. అలాగే ఈడ్చుకుంటూ పోయి ఉంటే ఇంకో ఏడాదికి జనమే విసుగెత్తి దింపేసేవారు. పడిపోయారు కాబట్టే జాలి పుట్టింది. ఆపద్ధర్మ ప్రధానిగా ఉండగానే కార్గిల్ యుద్ధం నడిపారు, అక్టోబరులో తిరిగొచ్చి 2004 దాకా పాలించారు. చిత్రమేమిటంటే బీజేపీ సీట్లు మాత్రం 1998లోనూ 1999లోనూ 182 మాత్రమే. అయినా నా మాట మీదే నేనుంటాను.

  

అసలు ఓడిపోవడం ఆయనకు కొత్తా? 1984లో గ్వాలియర్‌లో మాధవరావ్ సింధియా చేతిలో ఓడిపోయారు. దేశం మొత్తం మీద బీజేపీకి వచ్చినవి రెండే సీట్లు, ఒకటి గుజరాత్‌లో మెహసానా, రెండోది మా హనుమకొండ. ఇక్కడ చందుపట్ల జంగారెడ్డి ఓడించింది ఎవరినో కాదు, పి.వి. నరసింహారావును! పి.వి. రామ్‌టెక్‌లో కూడా నిలబడ్డారు కాబట్టి సభలోకి వెళ్లగలిగారు. కాబోయే ప్రధానులిద్దరికీ ఒకే ఎన్నికల్లో దెబ్బ తగిలింది. అప్పుడు ఇంటింటికీ ఓటరు చీటీలు పంచిన తాతయ్య, "వాజ్‌పేయి కంటే ముందు మేం గెలిచాం" అని పెళ్లిళ్లలో కూడా చెప్పుకునేవారు.

1999లో పొత్తు కారణంగా మా పార్లమెంటు సీటు తెలుగుదేశానికి వెళ్లింది. తాతయ్య ఓటేసి వచ్చి చెప్పులు విడుస్తూ, "వాజ్‌పేయి కోసం ఈ వయసులో సైకిలెక్కించారు కదరా" అని గొణుక్కున్నారు.