కుక్క మెడ వంచడం లేదు, వెనక కాళ్లు తూలుతున్నాయి

ప్రశ్న: గొర్రెల మందకు కాపలా ఉండే మా కుక్కకు ఆరేళ్లు. నాలుగు రోజులుగా మెడ వంచడం లేదు. నేల మీద గిన్నెలో పెడితే ముట్టదు, చేత్తో నోటి దగ్గర పెడితే తింటోంది. తల నిమిరినా కుయ్యిమంటోంది. నిన్నటి నుంచి వెనక కాళ్లు తూలుతున్నాయి. మెడకు నూనె రాసి మర్దన చేయమని కొందరు, మనుషుల నొప్పి మాత్ర సగం వేయమని కొందరు చెబుతున్నారు. ఏం చేయమంటారు?
– ఒక గొర్రెల పెంపకందారు

జవాబు: మర్దన వద్దు, మనుషుల మాత్ర అసలే వద్దు. కుక్కను ఇవాళే పశువైద్యుడికి చూపించండి. కాళ్లు తూలడం మొదలైందంటే ఇది కండరం పట్టేయడంతో ఆగలేదు, వెన్నుపాము మీద ఒత్తిడి పడుతోందని అనుమానించాలి.

చేత్తో పెడితే తింటోందని మంచి సంగతి గమనించారు. ఆకలి ఉంది, మింగగలుగుతోంది, తల కిందికి దించడమే కష్టమవుతోంది. ఇది మెడ నొప్పికి బలమైన గుర్తు. కుక్క మెడలో 7 వెన్నుపూసలుంటాయి. మొదటి రెండింటి మధ్య తప్ప మిగతా వాటి మధ్య మెత్తటి డిస్కులుంటాయి. వయసు పైబడే కొద్దీ డిస్కు లోపలి జిగురు పదార్థం గట్టిపడి, ఎక్కడో ఒక దూకుడుకి బయటికి చొచ్చుకొచ్చి వెన్నుపామును నొక్కుతుంది. వెనక కాళ్లకు వెళ్లే నరాల దారి కూడా మెడలోంచే సాగుతుంది. అందుకే మెడలో ఒత్తిడి పడినా చాలాసార్లు ముందుగా తడబడేది వెనక కాళ్లే. అది తెలియక నడుము పట్టేసిందనుకుని అక్కడ కాపడం పెడుతుంటారు.

డిస్కు ఒక్కటే కారణమని ఇక్కడి నుంచి చెప్పలేను. కాపలా కుక్క కాబట్టి వేరే కుక్కలతో కొట్లాటలో మెడకు కాట్లు పడ్డాయేమో బొచ్చు విడదీసి చూడండి. దెబ్బకు పూస విరిగి ఉండొచ్చు. జ్వరం ఉంటే డిస్కుకు చీము పట్టిందేమో చూడాలి. కండరాలు అదేపనిగా అదురుతుంటే డిస్టెంపర్ (కుక్కలకు వచ్చే ఒక వైరస్ జబ్బు) అనుమానం వస్తుంది. పరుగెత్తుతూ ఉన్నట్టుండి కూలబడి, మర్నాటికి నొప్పి లేకుండా ఒకవైపు కాళ్లే చచ్చుబడితే అది వెన్నుపాముకు రక్తం అందకపోవడం వల్ల కావచ్చు. మీ కుక్క తీరు అలా లేదు.

ఒక్క జాగ్రత్త మాత్రం తప్పనిసరి. రేబిస్ టీకా వేయించకపోయినా, ఈమధ్య ఏ జంతువైనా కరిచినా, చేత్తో తినిపించడం వెంటనే మానేయండి. రేబిస్ కూడా పక్షవాతంలా మొదలుకావచ్చు. దవడ వేలాడటం, చొంగ కారడం, గొంతు మారడం కనిపిస్తే దగ్గరికి వెళ్లకుండా డాక్టరుకు కబురు చేయండి. అలాంటి కుక్క చొంగ చేతి గాయానికి తగిలితే సబ్బుతో ధారగా పారే నీటి కింద 15 నిమిషాలు కడిగి, ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి వెళ్లాలి.

కుక్కను తీసుకెళ్లేటప్పుడు నడిపించకండి. మెడ పట్టీ, గొలుసు తీసేసి, వెడల్పాటి చెక్క మీద పడుకోబెట్టి మోయండి. నొప్పిలో ఉన్న కుక్క యజమానినైనా కరుస్తుంది, మూతి దగ్గర జాగ్రత్త. డాక్టరు కాలి వేలిని గట్టిగా నొక్కి చూస్తారు. కాలు వెనక్కి లాక్కుంటే చాలు, బాగానే ఉందనుకుంటారు చాలామంది. మెదడుకు కబురు అందకపోయినా ఆ కదలిక రావచ్చు. కుక్క తల తిప్పి చూసిందా, మూలిగిందా అన్నదే అసలు పరీక్ష. నొప్పి తెలుస్తున్నంత వరకు కోలుకునే ఆశ గట్టిగా ఉంటుంది. ఎక్స్‌రేలో విరిగిన పూస కనిపిస్తుంది గానీ వెన్నుపాము కనిపించదు. అందుకే అవసరమైతే ఎంఆర్ఐ చేయించి, ఆపరేషన్ సంగతి నిర్ణయిస్తారు.

ఐబుప్రోఫెన్, డైక్లోఫెనాక్ లాంటివి కుక్క కడుపులో పుండ్లు చేసి రక్తం కారేలా చేస్తాయి, మూత్రపిండాలనూ దెబ్బతీస్తాయి. ఇప్పటికే వేసి ఉంటే దాచకుండా డాక్టరుకు చెప్పండి. ఆ సంగతి తెలియక పైన స్టెరాయిడ్ ఇస్తే ప్రమాదం ఇంకా పెరుగుతుంది.

ఆపరేషన్ అక్కర్లేదంటే, డిస్కు జబ్బుకు మందుల కన్నా విశ్రాంతే ముఖ్యం. కనీసం 4 వారాలు, లేచి తిరిగి పడుకునేంత చోటే ఉన్న గదిలోనో బోనులోనో ఉంచాలి. బయటికి తీసేది మలమూత్రాలకే, అదీ ఛాతీకి వేసే పట్టీతో. గిన్నెను ఛాతీ ఎత్తులో పెట్టండి. మందు పడగానే నొప్పి తగ్గి గంతులేయాలని చూస్తుంది. అప్పుడు జాలిపడి వదిలేయడం వల్లే చాలా కుక్కలు మళ్లీ పడిపోతాయి. మందకు వేరే కాపలా చూసుకోండి, దీన్ని తొందరపెట్టవద్దు.

ఈలోగా కాళ్లు పూర్తిగా పడిపోయినా, పూట గడిచినా మూత్రం పోయకపోయినా, చుక్కలు చుక్కలుగా కారుతున్నా, ఊపిరి కష్టంగా తీస్తున్నా తెల్లారేదాకా ఆగకండి. రాత్రయినా తీసుకెళ్లండి.