వాషింగ్ మెషీన్ తలుపులోంచి అంతరిక్షంలోకి: రొబేర్ లెపాజ్ గురించి మీ ప్రశ్నలు, మా జవాబులు

ప్రశ్న: పోయిన నెల కెనడా నాటకాల గురించి రాస్తూ రొబేర్ లెపాజ్ పేరు ఒక్క లైన్లో చెప్పి వదిలేశారు. ఇంతకీ ఆయన రచయితా, నటుడా, దర్శకుడా?

జవాబు: మూడూనండి, కానీ ముందు నటుడు, నన్నడిగితే ఇప్పటికీ నటుడే. 1957 డిసెంబర్‌లో, కెనడాలో ఫ్రెంచ్ మాట్లాడే క్యూబెక్ రాష్ట్రానికి రాజధాని అయిన క్యూబెక్ సిటీలో పుట్టారు, నాన్న టాక్సీ డ్రైవరు. ఐదేళ్ళప్పుడు అలొపీషియా వచ్చి జుట్టంతా ఊడిపోయింది, బళ్ళో పిల్లలు ఎలా చూసుంటారో చెప్పక్కర్లేదు కదా. పదిహేడేళ్ళకి, 1975లో, అదే ఊళ్ళో ఉన్న డ్రామా కన్సర్వేటరీలో చేరి మూడేళ్ళు చదివారు, తర్వాత పారిస్ వెళ్ళి అలాన్ క్నాప్ అనే నాటక గురువు దగ్గర కొన్నాళ్ళు నేర్చుకున్నారు. 1982లో తియాత్ర్ రెపేర్ అనే చిన్న బృందంలో చేరడంతో అసలు కథ మొదలైంది. 1989 నుంచి 1993 దాకా ఒటావాలో నేషనల్ ఆర్ట్స్ సెంటర్ ఫ్రెంచ్ థియేటర్‌కి ఆర్టిస్టిక్ డైరెక్టరు, మధ్యలో 1992లో లండన్ నేషనల్ థియేటర్‌లో షేక్‌స్పియర్ 'ఎ మిడ్‌సమ్మర్ నైట్స్ డ్రీమ్'ని బురద, నీళ్ళు నింపిన స్టేజి మీద ఆడించారు, ఆ థియేటర్‌లో షేక్‌స్పియర్‌ని డైరెక్ట్ చేసిన మొదటి ఉత్తర అమెరికా దర్శకుడు ఆయనే. 1994లో సొంత కంపెనీ ఎక్స్ మాకినా పెట్టుకున్నారు. రాక్ గాయకుడు పీటర్ గేబ్రియల్ కచేరీలకి స్టేజి డిజైన్ చేశారు, సర్క్ డు సొలీల్ అనే సర్కస్ కంపెనీకి 'కా', 'టోటెమ్' అనే షోలు చేశారు, న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఒపేరాకి జర్మన్ సంగీతకారుడు వాగ్నర్ రాసిన నాలుగు ఒపేరాలు, అంటే పాటలతో నడిచే నాటకాలు, చేశారు, సినిమాలు తీశారు, డెనీ ఆర్కాన్ తీసిన 'జీసస్ ఆఫ్ మాంట్రియల్'లో వేషం కూడా వేశారు. ఇన్ని చేసినా మకాం మాత్రం క్యూబెక్ సిటీలోనే, అది నాకు చాలా ఇష్టమైన సంగతి.

ప్రశ్న: ఆయన స్క్రిప్టు లేకుండా నాటకం మొదలుపెడతారట, నిజమేనా? మరి నటులు ఏం చేస్తారు, గాల్లో చూస్తూ కూర్చుంటారా?

జవాబు: నిజమే. కానీ గాల్లో చూడరు, చేతిలో ఏదో ఒక వస్తువు ఉంటుంది. అదే కిటుకు, అందుకే దీనికి కొంచెం పెద్ద జవాబు రాస్తున్నా, ఓపిగ్గా చదవండి.

రెపేర్ బృందం పెట్టిన జాక్ లెసార్ ఒక పద్ధతి పట్టుకొచ్చారు. దాని మూలం లారెన్స్ హాల్‌ప్రిన్ అనే అమెరికన్ ల్యాండ్‌స్కేప్ ఆర్కిటెక్ట్ రాసిన పద్ధతి, పార్కులు డిజైన్ చేసే మనిషి ఆలోచన నాటకానికి వచ్చిందన్నమాట. నాలుగు మెట్లు: ముందు రిసోర్సు, అంటే చేతికి తగిలే ఒక వస్తువో, పాటో, మ్యాపో, ఎవరిదో జ్ఞాపకమో, తర్వాత దాంతో ఆడుతూ పాడుతూ పుట్టించే సీన్లు, తర్వాత ఏది ఉంచాలి ఏది తీసెయ్యాలి అన్న ఎంపిక, ఆ తర్వాతే ప్రదర్శన. ఇందులో గట్టి రూలు ఒకటే, మొదటి మెట్టు మీద 'యుద్ధం గురించి చేద్దాం', 'వలసల గురించి చేద్దాం' అని టాపిక్‌తో మొదలుపెట్టకూడదు. టాపిక్‌తో మొదలుపెడితే నటులు వాదించుకుంటూ కూర్చుంటారు, అదే వస్తువు ఇస్తే లేచి ఆడతారు. నాటకాలు రాయాలనుకునేవాళ్ళు ఈ ఒక్క ముక్క గోడ మీద రాసి పెట్టుకున్నా చాలు అనిపిస్తుంది నాకు.

ఉదాహరణకి 1985లో మొదలైన 'ది డ్రాగన్స్ ట్రిలజీ' తీసుకోండి. స్టేజి మొత్తం ఇసక పరిచిన ఒక పార్కింగ్ స్థలం, పక్కన అటెండెంట్ కూర్చునే చిన్న బూత్, అంతే సెట్టు. ఆ స్థలంలో ఒకప్పుడు క్యూబెక్ సిటీ చైనాటౌన్, అంటే చైనా నుంచి వచ్చినవాళ్ళ పేట, ఉండేది, ఇసక తవ్వితే కింద ఆ పాత జీవితాలు బయటికొస్తాయి. కథ క్యూబెక్, టొరంటో, వాంకూవర్ చైనాటౌన్‌ల మీదుగా డెబ్భై ఐదేళ్ళు నడుస్తుంది. మొదట్లో ఇద్దరు చిన్నపిల్లలు చెప్పుల డబ్బాలు వరసగా పేర్చి అదే మా వీధి, ఇది ఫలానా కొట్టు అని ఆడుకుంటారు. తర్వాత ఎప్పుడో ఆ చెప్పులే మళ్ళీ వస్తాయి, స్టేజి మీద జతలు జతలుగా, ఇంట్లో మనుషుల్లాగా నీటుగా సర్ది ఉంటాయి, అప్పుడు సైనికులు కాళ్ళకి ఐస్ స్కేట్లు కట్టుకుని వచ్చి వాటి మీద తిరుగుతారు. పదునైన ఆ బ్లేడ్ల కింద చెప్పులు చెల్లాచెదురైపోతాయి. తుపాకీ మోత లేదు, రక్తం లేదు, ఎవరూ యుద్ధం అన్న మాట కూడా అనరు. ఆ సీన్ మొదటిసారి వీడియోలో చూసినప్పుడు ఒక జత ఎక్కడికో దొర్లి ఒంటరి చెప్పయిపోవడం చూసి నాకు గొంతు పట్టేసింది. ఇది ఒకరు డెస్కు ముందు కూర్చుని రాస్తే వచ్చేది కాదు, రిహార్సల్‌లో చెప్పులతో ఆడితేనే వస్తుంది.

ప్రశ్న: పూర్తికాని నాటకాన్ని టికెట్టు పెట్టి చూపిస్తారని విన్నాను. అది ప్రేక్షకుడిని మోసం చెయ్యడం కాదా?

జవాబు: మీ కోపం అర్థమైంది, స్కాట్లాండ్‌లోని ఎడిన్‌బరాలో కూడా చాలామందికి ఇదే కోపం వచ్చింది. 1994లో 'ది సెవెన్ స్ట్రీమ్స్ ఆఫ్ ది రివర్ ఓటా' అక్కడ మొదటిసారి ఆడినప్పుడు ఇది ఇంకా ఉడకలేదు అని విమర్శకులు ఉతికేశారు. హిరోషిమా బాంబు పడ్డ తర్వాత యాభై ఏళ్ళ జీవితాల కథ అది, ఓటా నది హిరోషిమాలో ఏడు పాయలు అవుతుంది కాబట్టి నాటకానికీ ఏడు భాగాలు. ఊరూరా ఆడుతూ, ఆడిన ప్రతిచోటా మారుస్తూ, పెంచుతూ 1996కి దాన్ని ఏడు గంటల నాటకం చేశారు, అప్పుడు తిట్టినవాళ్ళలోనే చాలామంది లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. డ్రాగన్స్ కూడా అంతే, గంటన్నరతో మొదలై, మూడు గంటలై, 1987లో మాంట్రియల్ ఫెస్టివల్ నాటికి ఆరు గంటలైంది, అక్కడ మొదటి బహుమతి కొట్టింది. ఇంకో విశేషం, క్యూబెక్ సిటీ ప్లాస్ దూవిల్‌లో ఆయన కలలుగన్న థియేటర్ ల దియమాన్ 2019లో తెరుచుకున్నప్పుడు ఏ నాటకంతో మొదలుపెట్టారనుకున్నారు? పాతికేళ్ళ కింద ఉడకలేదన్న ఆ ఓటా నాటకంతోనే.

నా మాట చెప్పాలంటే, మోసం కాదు కానీ ముందే చెప్పాలి. ఇది ఇంకా తయారవుతోంది, మీ నవ్వులు, మీ ఆవలింతలు చూసి మారుస్తాం అని పోస్టర్ మీద వేస్తే ప్రేక్షకుడు కూడా పనిలో భాగస్వామి అవుతాడు. చెప్పకపోతే మీరన్నదే కరెక్టు.

ప్రశ్న: అంతా మిషన్లే కదండీ ఆయన దగ్గర. నటన ఎక్కడుంది?

జవాబు: మిషన్లు ఆయన్ని ముంచిన రోజులూ ఉన్నాయి, దాచాల్సిన పని లేదు. 'ఎల్సినోర్' అని హామ్లెట్ మొత్తాన్ని ఒక్కడే ఆడే నాటకం, 1996లో ఎడిన్‌బరాలో యంత్రం మొరాయించి ప్రదర్శనలే రద్దయ్యాయి. 2010లో మెట్రోపాలిటన్ ఒపేరాలో ఆ నాలుగు వాగ్నర్ ఒపేరాల్లో మొదటిదాని తొలిరాత్రి, ఇరవై నాలుగు పెద్ద పలకలతో చేసిన, నలభై అయిదు టన్నుల బరువున్న సెట్టు సరిగ్గా ఆఖరి సీన్‌లో కదలకుండా కూర్చుంది, దేవతలు ఇంద్రధనుస్సు వంతెన మీద నడిచి స్వర్గంలాంటి కోటకి వెళ్ళాల్సిన ఘట్టం మరి. ఆ బరువు మొయ్యడానికి ముందుగా స్టేజి కింద ఉక్కు దూలాలు వేయించాల్సొచ్చింది. అంత బరువు పెట్టి పాడేవాళ్ళ గొంతు కంటే సెట్టు గురించే అందరూ మాట్లాడుకునేలా చెయ్యడం నాకు నచ్చలేదు, అది ఆయన బలం కాదు.

బలం ఎక్కడంటే 2000లో వచ్చిన 'ది ఫార్ సైడ్ ఆఫ్ ది మూన్'లో. తల్లి చనిపోయాక మిగిలిన ఇద్దరు అన్నదమ్ముల కథ, ఒకడు థీసిస్ పట్టుకుని తిరిగే ఫిలిప్, రెండోవాడు టీవీలో వాతావరణం చెప్పే ఆంద్రే, ఇద్దరికీ పడదు. పక్కన అమెరికా, రష్యా అంతరిక్షం కోసం పడ్డ పోటీ కథ నడుస్తుంటుంది. అన్నీ ఆయనే, తల్లి కూడా ఆయనే. స్టేజి మధ్యలో ఒక గుండ్రటి గాజు తలుపు ఉంటుంది, అది వాషింగ్ మెషీన్ తలుపు, ఫిలిప్ బట్టలు వేస్తుంటాడు, వేస్తూ వేస్తూ తల లోపల పెట్టి చూస్తాడు, ఆ తర్వాత మనిషే లోపలికి దూరిపోతాడు, అంతే, అది వ్యోమనౌక కిటికీ. ఇంకో సీన్‌లో అదే గుండ్రం చేపల గాజుపాత్ర. ఇస్త్రీ బల్ల కూడా రకరకాలుగా మారిపోతుంది. ఇక్కడ ఖరీదైన టెక్నాలజీ ఏముంది చెప్పండి? ఆ తలుపుని ఆయన చూసే చూపు మారింది కాబట్టి మనకి అది వేరేదిగా కనపడింది, అది నటన కాకపోతే ఇంకేమిటి. ఈ పాత్రని తర్వాత ఈవ్ జాక్ అనే నటుడికి అప్పజెప్పేశారు, తన కోసం రాసుకున్న నాటకాన్ని ఇంకొకరికి ఇవ్వడం నటులకి అంత తేలిక కాదు.

ప్రశ్న: 2018లో నిరసనల వల్ల ఆయన నాటకాలు ఆగిపోయాయని చదివాను. కళాకారుడి స్వేచ్ఛ మీద మీ అభిప్రాయం సూటిగా చెప్పండి.

జవాబు: సూటిగానే చెబుతా, ముందు జరిగింది తెలియనివాళ్ళ కోసం రెండు ముక్కలు. 2018 వేసవిలో 'స్లావ్' అని నల్లజాతి బానిసల పాటల మీద ఒక షో మాంట్రియల్ జాజ్ ఫెస్టివల్‌లో మొదలైంది, పాడేవాళ్ళలో ఎక్కువమంది తెల్లవాళ్ళు, నిరసనలు వచ్చాయి, ఫెస్టివల్ వాళ్ళు జులై మొదట్లో ఆపేశారు. అదే నెలలో 'కనాటా', కెనడా ఆదివాసులకీ తెల్లవాళ్ళకీ మధ్య చరిత్ర, పారిస్‌లో ఫ్రెంచ్ దర్శకురాలు అరియాన్ నూష్కిన్ నాటక బృందంతో తయారవుతోంది, అందులో ఆదివాసీ నటులే లేరు, మా కథలో మేమెక్కడ అని ఆదివాసీ కళాకారులు ల దెవ్వార్ పత్రికలో లేఖ రాశారు, నిర్మాతలు వెనక్కి తగ్గారు, నాటకం రద్దయి మళ్ళీ డిసెంబర్‌లో పారిస్‌లో మారిన రూపంలో ఆడింది.

నటుడు ఎవరి పాత్రయినా వెయ్యొచ్చు అన్న లెపాజ్ వాదన నాకు తెలుసు, అందులో న్యాయం ఉంది. కానీ ఆయన పద్ధతినే ఒకసారి గుర్తు తెచ్చుకోండి. స్క్రిప్టు లేదు, గదిలో ఉన్న మనుషులు తెచ్చిన జ్ఞాపకాల్లోంచే నాటకం పుడుతుంది. అలాంటప్పుడు గదిలో ఎవరున్నారు అన్నదే నాటకం. ఆదివాసీ మనిషి లేని గదిలోంచి ఆదివాసీ జ్ఞాపకం ఎలా వస్తుంది? ఇంకో మాట, అంతకు మూడేళ్ళ ముందే, 2015లో, '887' అని తన చిన్నప్పటి ఇంటి మీద అద్భుతమైన ఏకపాత్ర నాటకం చేశారు, ముర్రే అవెన్యూలో ఇంటి నంబరది. అందులో మిషెల్ లలాండ్ 1968లో రాసిన 'స్పీక్ వైట్' అనే కవితని కంఠతా పట్టలేక అవస్థ పడతారు, ఫ్రెంచ్ మాట్లాడేవాళ్ళని 'తెల్లవాళ్ళ భాష మాట్లాడు', అంటే ఇంగ్లీషులో మాట్లాడు, అని కసిరిన కాలం గురించిన కవిత అది, చివర్లో గొంతెత్తి మొత్తం చెప్పినప్పుడు టాక్సీ డ్రైవర్ నాన్న మౌనమంతా దాంట్లో వినపడుతుంది. నోరు నొక్కితే ఎలా ఉంటుందో ఇంత తెలిసిన మనిషి అవతలివాళ్ళ మాట మొదటి రోజే ఎందుకు వినలేదా అన్నది నా బాధ.

అయితే ఆయన అక్కడే ఆగిపోలేదు. నిరసన చేసినవాళ్ళని పిలిచి కూర్చుని మాట్లాడారు, ఆ ఏడాది డిసెంబర్ చివర్లో తన వైపు లోపాలు ఒప్పుకుంటూ ప్రకటన ఇచ్చారు, 'స్లావ్'లో మార్పులు చేసి 2019లో మళ్ళీ ఆడారు. ఆడకుండా నిషేధించాలి అనేవాళ్ళతో నేను లేను. అలాగని నిరసనని సెన్సార్ అనడం కూడా తప్పే.

ప్రశ్న: మా అమ్మాయి థియేటర్ కోర్సులో చేరింది. లెపాజ్‌ని ఎక్కడినుంచి మొదలుపెట్టమంటారు?

జవాబు: 'ది ఫార్ సైడ్ ఆఫ్ ది మూన్'ని 2003లో ఆయనే సినిమాగా తీశారు, అన్నదమ్ములిద్దరూ ఆయనే, అది ముందు చూడమనండి. తర్వాత దొరికితే రంగస్థలం రికార్డింగ్ కూడా, ముఖ్యంగా చివరి సీన్. పైన పెద్ద అద్దం ఏటవాలుగా వంగి ఉంటుంది, ఫిలిప్ నేల మీద, కుర్చీల వరసల పక్కన, పడుకుని మెల్లగా దొర్లుతుంటాడు, చెయ్యి చాస్తాడు, కాలు మడుస్తాడు. కింద చూస్తే నేల మీద పాకుతున్న మనిషి. అద్దంలో చూస్తే బరువు లేకుండా తేలిపోతున్నాడు. రెండూ ఒకేసారి కనపడుతుంటాయి, ఏదీ దాచరు. ఆ సీన్ రెండుసార్లు చూడమనండి, ఒకసారి అద్దాన్ని, ఒకసారి నేలని.