కథల చందమామకు ఊ కొట్టేదెవరు?

ప్రశ్న: మా చిన్నది నాలుగో తరగతి. బళ్ళో చందమామ బొమ్మ వేయమంటే మచ్చలు ఉండాల్సిన చోటంతా బుజ్జి బొమ్మలతో నింపింది. రోలు ముందు అవ్వ, కుందేలు, మర్రిచెట్టు, పక్కన ఒక ఎర్ర బస్సు. ఇదేందే అంటే "చందమామ రాయి కాదమ్మా, అందరు చెప్పిన కతలన్నీ పైకి పోయి ముద్ద కట్టినయి" అంటోంది. పదో తరగతి చదివే వాళ్ళన్న "అది ఉత్త రాయే" అని నవ్వి ఏడిపిస్తున్నాడు. మా అత్తమ్మేమో మనవరాలికే వంత. మన దగ్గర ఇలాంటి నమ్మకం ఏదైనా ఉందా, లేక ఏ కార్టూన్‌లోనో చూసి వేసిందా? దిద్దమంటారా?
– ఒక పాఠకురాలు, జడ్చర్ల

జవాబు: దిద్దకండమ్మా. వాళ్ళన్ననూ దిద్దకండి, వాడు చెప్పిందీ నిజమే. ఆ మచ్చలు ఎప్పుడో చంద్రుడి లోపలినుంచి పొంగిన లావా గడ్డకట్టి ఏర్పడ్డ మైదానాలు, చాలావరకు మూడు వందల కోట్ల ఏళ్ళకు పైబడినవి. ఇంకో సంగతి కూడా వాడికి తెలిసే ఉంటుంది, చంద్రుడు భూమి చుట్టూ ఒకసారి తిరగడానికి పట్టే 27 రోజుల చిల్లరలోనే తన చుట్టూ తానూ ఒకసారి తిరుగుతాడు, అందుకే మనకు ఎప్పుడూ ఒకే మొహం కనిపిస్తుంది. నన్నడిగితే కథలన్నీ పోయి చంద్రుడి మీదే ఎందుకు పడ్డాయో ఇక్కడే ఉంది. మబ్బుల్లోనూ ఏనుగులూ గుర్రాలూ కనిపిస్తాయి కానీ అవతలివాడికి చూపించేలోపు చెదిరిపోతాయి. చంద్రుడి మీది బొమ్మ మీ అత్తమ్మ వాళ్ళ అవ్వ చూసిందే మీ పాపా చూస్తోంది, పైగా అది ఫలానా బొమ్మ అని ఎవరూ కింద పేరు రాసిపెట్టలేదు.

ఇక ఎవరికి తోచింది వాళ్ళు చూశారు. జాతక కథల్లో ఒక కుందేలు ఉంది, ఆకలని వచ్చిన అతిథికి పెట్టడానికి తన దగ్గర గడ్డి తప్ప ఏమీ లేక తనే మంటలో దూకుతుంది. పరీక్షించడానికి వచ్చిన ఇంద్రుడు ఆ మంట కాలకుండా చేసి, ఒక కొండను పిండి, ఆ రసంతో చంద్రుడి మీద కుందేలు బొమ్మ గీస్తాడు. కొండను పిండడం, ఆ రసంతో రాయడం! ఏ పిల్ల చెప్పినా మనం "ఇంక చాల్లే" అంటాం, పుస్తకంలో ఉంది కాబట్టి ఊరుకున్నాం. చైనా వాళ్ళకూ అక్కడ కుందేలే, 2013లో చంద్రుడి మీద దించిన బండికి దాని పేరే పెట్టుకున్నారు.

పిల్లలమర్రి ఉన్న జిల్లా పిల్లకు చంద్రుడిలో మర్రిచెట్టు కనిపించడంలో వింతేముంది? బస్సు ఎందుకో మీరు రాయలేదు. కానీ పాలమూరు నుంచి బొంబాయికి బస్సెక్కి పోయినవాళ్ళు లేని ఊరు తక్కువ, పిల్లల్ని ముసలివాళ్ళ దగ్గర వదిలిపోతే వాళ్ళు రాత్రిపూట చెప్పే శాత్రాల్లో రాజు పోయిన దేశం కూడా బొంబాయిలాగే ఉండేది. ఆ బస్సు మీ అత్తమ్మ చెప్పిన కతలోదేనేమో, ఒకసారి అడగండి.

నమ్మకం సంగతికి వస్తే, చంద్రుడు కథలతో తయారయ్యాడన్నది మీ పాప సొంత కల్పనే, కార్టూన్‌కు ఇవ్వకండి. అయితే దానికి దగ్గరి చుట్టం మన ఇంట్లోనే ఉంది. బతుకమ్మ చుట్టూ తిరుగుతూ ఒకామె పాట అందుకుంటే, ప్రతి చరణం చివర మిగతావాళ్ళు ఉయ్యాలో అనో, కొన్ని పాటల్లో చందమామ అనో అంటారు కదా. ఆ పాటల్లో ఉన్నవన్నీ కథలే, అత్తింటికి పోయిన బిడ్డ, తోలుకపోవడానికి వచ్చిన అన్న, అత్త పెట్టిన ఆరళ్ళు. ఇన్ని కష్టాలు చెప్పుకుంటూ మాటమాటకూ చందమామా అని పిలవడం నాకైతే కథ చెప్పేటప్పుడు అవతలివాడు కొట్టే ఊ లాగే వినిపిస్తుంది. తమాషా ఏమిటంటే ఎంగిలిపూల బతుకమ్మ పెత్రమాస నాడు, ఆ రాత్రి ఆకాశంలో చంద్రుడే ఉండడు. సద్దుల నాటికైనా సగమే. అయినా పిలవడం మానరు. అన్ని ఊళ్ళ ఆడవాళ్ళు ఇన్నేళ్ళుగా చెప్పిందంతా ఒకడే వింటుంటే, అదంతా వాడి దగ్గరే పోగవుతుందని నాలుగో తరగతి పిల్ల అనుకోదా మరి.

ప్రశ్న: చంద్రుడు తరిగిపోవడానికి దక్షుడి శాపం కారణమని మా తాత చెప్తాడు. అట్లయితే అమాస నాడు ఆయన ఎటు పోతాడు?
– డిగ్రీ విద్యార్థి, నల్లగొండ

జవాబు: ఎటూ పోడు బాబూ, ఆ రోజు పగలంతా సూర్యుడి పక్కనే ఉంటాడు, వెలుగు పడిన వైపు మనకు కనబడదు, అంతే. తాత చెప్పిన కథలోనూ ఒక లెక్క ఉంది చూడు. దక్షుడు ఇచ్చిన భార్యలు 27 మంది, అవే నక్షత్రాలు, రోజుకొకరి ఇంట్లో ఉండాల్సినవాడు రోహిణినే పట్టుకుని వేలాడితే మామకు కోపం వచ్చి క్షయం పట్టమన్నాడు. చంద్రుడు ఆ చుట్టు తిరిగేది 27 రోజుల చిల్లరలో. కథ మర్చిపోని వాడికి లెక్కా గుర్తుంటుంది. ఆ శాపం సగం తీర్చింది శివుడు కాబట్టి సోమేశ్వరుడయ్యాడంటారు. నీకు కూతవేటు దూరంలోనే పానగల్లులో ఛాయా సోమేశ్వరాలయం ఉంది, పోయి చూడు. బయట ఎండ తిరుగుతున్నా లోపల లింగం మీద స్తంభం నీడ పగలంతా కదలదు. వచ్చినవాళ్ళంతా అది ఏ స్తంభం నీడా అని చుట్టూ వెతుకుతుంటారు. ఏ ఒక్కదానిదీ కాదు, వెలుగు లోపలికి వచ్చే తోవలను బట్టి స్తంభాలు నిలబెట్టిన తీరులో ఉంది కిటుకు.

ప్రశ్న: వినాయక చవితి రాత్రి పొరపాటున చంద్రుణ్ణి చూసేశాను. ఆ రోజు పూజలో కూర్చోలేదు, కథ వినలేదు. అప్పటినుంచి ఆఫీసులో అన్ని తప్పులూ నా మీదికే వస్తున్నాయి. చాలా టెన్షన్‌గా ఉంది. ఫోన్‌లో వీడియో పెట్టుకుని వింటే సరిపోతుందా?
– ఒక ఉద్యోగి, దేవరకొండ

జవాబు: మీ మీదికి వస్తున్న తప్పులు చంద్రుడివో మీ పై ఆఫీసరువో ముందు తేల్చుకోండి. నీలాపనిందకు పెద్దలు చెప్పిన మందు శమంతకమణి కథ వినడం, అక్షింతలు నెత్తిన వేసుకోవడం. శ్రీకృష్ణుడంతటివాడికే మణి దొంగిలించాడన్న నింద తప్పలేదు, అడవిలో జాంబవంతుడితో రోజుల తరబడి కొట్లాడి ఆ మణి తెచ్చి ఇచ్చేదాకా ఊళ్ళో ఎవరూ నమ్మలేదు, కాబట్టి మీరూ కాస్త ఓపిక పట్టాలి. ఇప్పుడైనా ఇంట్లో ఎవరితోనైనా ఆ కథ చెప్పించుకోండి. వీడియో అంటారా, మధ్యలో మీరు నిద్రపోయినా అది ఆగదు, మీరు ఊ కొట్టినా దానికి పట్టదు, కాబట్టి నా లెక్కలో అది రాదు. మా ఎడిటర్ లెక్కలో మాత్రం వస్తుందట.