వాచీ అలర్ట్ చూసి బీపీ మాత్ర తగ్గించుకోవచ్చా?

ప్రశ్న: నాకు 52 ఏళ్లు. మూడేళ్లుగా బీపీకి మెటోప్రొలాల్ వాడుతున్నాను. ఈమధ్య కొన్న స్మార్ట్‌వాచ్ రాత్రిళ్లు పల్స్ 50కి పడిపోతోందని అలర్ట్ ఇస్తోంది. భయమేసి పది రోజులుగా మాత్ర రోజు విడిచి రోజు వేసుకుంటున్నాను. మెట్లెక్కితే ఛాతీ కాస్త బరువుగా ఉంటోంది కానీ, వాచీలో ఈసీజీ నార్మల్‌గానే వస్తోంది. గాఢనిద్ర మాత్రం 40 నిమిషాలే చూపిస్తోంది. పెంచుకునేదెలా?

జవాబు: నిద్ర సంగతి తర్వాత. ఛాతీ బరువు ఎప్పుడు మొదలైందో మీరు రాయలేదు. మాత్ర తగ్గించాకే అయితే మరీ జాగ్రత్తపడాలి. ఎలాగైనా సరే, ఈరోజే డాక్టర్‌ను కలవండి. కూర్చున్నా బరువు తగ్గకపోయినా, చెమటలు పట్టినా, ఆయాసం వచ్చినా, చేయి, దవడ లాగినా అంబులెన్స్ పిలిచి ఎమర్జెన్సీకి వెళ్లాలి.

మెటోప్రొలాల్ బీటా బ్లాకర్. పల్స్‌ను తగ్గించడం దాని పనే. పైగా నిద్రలో ఎవరికైనా పల్స్ తగ్గుతుంది. కళ్లు తిరగడం, స్పృహ తప్పడం లేనప్పుడు రాత్రి 50 కనిపించడం చాలామందిలో ప్రమాదం కాదు. మీ విషయం మాత్రం చూసిన డాక్టరే చెప్పాలి. ఈ మందును ఉన్నట్టుండి తగ్గిస్తే గుండె అడ్రినలిన్ అనే హార్మోన్‌కు అతిగా స్పందిస్తుంది. బీపీ ఎగబాకుతుంది. రక్తనాళాల్లో పూడికలుంటే గుండెనొప్పి, ఒక్కోసారి గుండెపోటు కూడా రావచ్చు. అందుకే మానాల్సి వచ్చినా మేం ఒకటి రెండు వారాల మీద మెల్లగా తగ్గిస్తాం. పది రోజులు భయపడుతూ సొంతంగా తగ్గించుకునే బదులు మాత్ర రాసిన డాక్టర్‌కు ఒక్క ఫోన్ చేయాల్సింది. అలాగని మానేసినవన్నీ కలిపి ఇప్పుడు ఒకేసారి వేసుకోవద్దు.

వాచీ ఈసీజీ ఒక్క లీడ్‌తో, అంటే గుండెను ఒకే కోణం నుంచి చూసి తీసేది. గుండె లయ తప్పిందా, ముఖ్యంగా ఏట్రియల్ ఫిబ్రిలేషన్ (గుండె పై గదులు అడ్డదిడ్డంగా కొట్టుకోవడం) ఉందా అని చూడటానికి పనికొస్తుంది. గుండెపోటును అది పట్టుకోలేదు. ఆస్పత్రిలో తీసే 12 లీడ్ల ఈసీజీ కూడా నొప్పి లేనప్పుడు నార్మల్‌గా ఉండొచ్చు. అందుకే అవసరాన్నిబట్టి ట్రోపోనిన్ (గుండె కండరం దెబ్బతిందా అని చూసే రక్తపరీక్ష), ఎకో (గుండె స్కానింగ్) లాంటి పరీక్షలు చేయిస్తాం.

గాఢనిద్రను కచ్చితంగా తేల్చాలంటే మెదడు తరంగాలు చూడాలి. వాచీ మీ కదలికలు, పల్స్‌ను బట్టి అంచనా వేస్తుందంతే. ఆ 40 నిమిషాల గురించి బెంగ వద్దు. గురక, పగటి మత్తు ఉంటే చెప్పండి. మెటోప్రొలాల్ కొందరికి నిద్ర చెడగొడుతుంది, అదీ అడగండి.

వెళ్లేటప్పుడు మాత్రల షీటు, వాచీలోని పల్స్ రికార్డు తీసుకెళ్లండి. ఎన్ని మాత్రలు మానేశారో దాచకుండా చెప్పండి.