ఏకపక్ష అవార్డును మధ్యవర్తి తానే రద్దు చేయవచ్చా?

ప్రశ్న: మా ఉద్యోగుల పరపతి సంఘంలో సహోద్యోగి తీసుకున్న అప్పుకు నేను జామీను ఉన్నాను. ఆయన వాయిదాలు కట్టకపోవడంతో సంఘం దావా వేసింది, అది మధ్యవర్తి ముందుకు వెళ్లింది. నేను బదిలీపై వేరే ఊరికి వెళ్లి ఏడాది దాటింది. నోటీసును మాత్రం పాత ఇంటికే పంపారట. మొన్న డిమాండు నోటీసు చేతికి వచ్చేదాకా నా మీద అవార్డు, అంటే మధ్యవర్తి తీర్పు, ఉన్న సంగతే నాకు తెలియదు. దాన్ని రద్దు చేసి నా వాదన వినమని అడిగితే, అవార్డు ఇచ్చాక తన పని ముగిసిందని మధ్యవర్తి అంటున్నారు. అది నిజమేనా?

జవాబు: కొంతవరకే నిజం. 1964 నాటి సహకార సంఘాల చట్టం, ఆంధ్రప్రదేశ్‌లోనూ తెలంగాణలోనూ, 61వ సెక్షన్ కింద వచ్చిన వివాదాన్ని సహకార సంఘాలపై అధికారి అయిన రిజిస్ట్రారు స్వయంగా తేల్చవచ్చని, లేదా మధ్యవర్తికి అప్పగించవచ్చని 62వ సెక్షన్‌లో చెబుతుంది. చట్టం ఇవ్వని పునఃసమీక్షాధికారం, అంటే తానిచ్చిన తీర్పును తానే తిరిగి పరిశీలించి మార్చే అధికారం, ఎవరికీ దానంతట అదే రాదని సుప్రీంకోర్టు 1970లో పటేల్ నర్షీ ఠాకర్షీ కేసులో స్పష్టం చేసింది. మీ మధ్యవర్తి పట్టుకున్నది ఈ సూత్రాన్నే.

అయితే మీరు అడిగింది పునఃసమీక్ష కాదు. తీర్పులో తప్పుందని మీరు అనలేదు, అసలు మిమ్మల్ని వినలేదని అన్నారు. ఈ రెండింటి మధ్య తేడాను సుప్రీంకోర్టు 1980లో గ్రిండ్లేస్ బ్యాంకు కేసులో విడమరిచింది. నోటీసు అందకనో, తగిన కారణం వల్లనో కక్షిదారు హాజరు కాలేకపోతే, ఏకపక్షంగా ఇచ్చిన అవార్డును రద్దు చేసి మళ్లీ విచారించే అధికారం, చట్టంలో విడిగా రాయకపోయినా, ట్రిబ్యునల్‌కు ఉంటుందని చెప్పింది. అది పారిశ్రామిక వివాదాల చట్టం కింద వచ్చిన తీర్పే అయినా దాని పునాది సహజన్యాయం, అంటే వినకుండా ఎవరి మీదా తీర్పు చెప్పకూడదన్న సూత్రం, కాబట్టి, సహకార వివాదాన్ని తేల్చే మధ్యవర్తికీ అదే వర్తించాలని నా అభిప్రాయం. కానీ ఆ తీర్పులో అవార్డు ఇంకా అమలుయోగ్యం కాకపోవడం కూడా ఒక ముఖ్యాంశం. మీ కేసులో సంఘం అప్పుడే అమలుకు దిగింది గనుక ఈ ఒక్క దారినే నమ్ముకోవద్దు.

ముందుగా ఫైలు నకళ్లకు దరఖాస్తు పెట్టండి. అందులో చూడవలసింది తిరిగి వచ్చిన కవరు. దాని వెనుక పోస్ట్‌మ్యాన్ రాసిన మాట 'తీసుకోలేదు' అని ఉంటే మీకు కష్టం. 'ఇక్కడ లేరు, వెళ్లిపోయారు' అని ఉంటే, ఆ తర్వాత కొత్త చిరునామా కనుక్కునే ప్రయత్నం ఏమీ జరగకపోతే, మీ వాదనకు అంతకన్నా బలమైన ఆధారం ఉండదు. బదిలీ ఉత్తర్వు నకలును జతచేయండి.

రెండో దారి, నా దృష్టిలో అసలు దారి, 76వ సెక్షన్ కింద సహకార ట్రిబ్యునల్‌కు అప్పీలు. గడువు 60 రోజులు. ఉత్తర్వు మీకు అందిన నాటి నుంచి లెక్క. మధ్యవర్తి దగ్గర దరఖాస్తు నడుస్తోందని ఆగిపోయి ఈ గడువు దాటబెట్టుకున్నవారు ఉన్నారు. ఆ పొరపాటు మీరు చేయకండి. అప్పీలుతో పాటే అమలుపై స్టే కోరండి. సివిల్ కోర్టుకు వెళ్లాలనుకుంటే 121వ సెక్షన్ అడ్డుపడుతుంది.

ఇంకొక మాట. అవార్డు రద్దయితే మీకు దక్కేది విచారణ మాత్రమే, అప్పు మాఫీ కాదు. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 128వ సెక్షన్ ప్రకారం, ఒప్పందంలో వేరే మాట లేకుంటే, అప్పు తీసుకున్నవారికి ఎంత బాధ్యతో జామీనుదారుకూ అంతే. మీకు చెప్పకుండా అప్పు షరతులను మార్చి ఉంటే మాత్రం 133వ సెక్షన్ మీకు పనికొస్తుంది. కాబట్టి మీరు సంతకం పెట్టిన జామీను పత్రం నకలునూ తెప్పించుకుని ఉంచండి.

ప్రశ్న: నేను ఒక పరపతి సంఘం కార్యదర్శిని. ఇరుపక్షాలనూ విన్నాకే మధ్యవర్తి అపరాధ వడ్డీని కొట్టేశారు. పొరపాటు చూపిస్తే ఆయనే మార్చవచ్చా?

జవాబు: మార్చకూడదు. కూడికలో తప్పు, పేరులో అక్షరదోషం సరిదిద్దడం వేరు, వడ్డీ ఇవ్వాలా వద్దా అన్న నిర్ణయాన్ని తిరగదోడడం వేరు. మీకున్న దారి కూడా అదే 60 రోజుల్లో ట్రిబ్యునల్‌కు అప్పీలు. ఒకవేళ మీ సంఘం 2002 నాటి బహుళ రాష్ట్ర సహకార సంఘాల చట్టం కింద నమోదైనదైతే లెక్క మారుతుంది. అక్కడ 84వ సెక్షన్ ద్వారా 1996 నాటి మధ్యవర్తిత్వ చట్టం వర్తిస్తుంది కాబట్టి, అవార్డు రద్దు కోసం ఆ చట్టం 34వ సెక్షన్ కింద మూడు నెలల్లోగా కోర్టులో దరఖాస్తు వేయాలి. తగిన కారణం చూపితే కోర్టు మరో 30 రోజుల వరకు మాత్రమే అనుమతించగలదు.