రాన్సమ్‌వేర్ బిగించిన ఫొటోలు తిరిగొస్తాయా?

ప్రశ్న: ఒక సాఫ్ట్‌వేర్‌కి క్రాక్ (డబ్బు కట్టకుండా వాడుకునే దొంగ ఫైల్) దొరికితే డౌన్‌లోడ్ చేసి రన్ చేశాను. కాసేపటికే కంప్యూటర్‌లోని ఫైళ్లేవీ తెరుచుకోవడం మానేశాయి. ప్రతి ఫైల్ పేరు చివర కొత్తగా నాలుగక్షరాలు చేరాయి. ప్రతి ఫోల్డర్‌లో ‘రీడ్‌మీ’ అనే టెక్స్ట్ ఫైల్ ఉంది. 980 డాలర్లు కట్టాలట, 72 గంటల్లోపు అయితే సగమేనట. మా పాప పుట్టినప్పటి ఫొటోలన్నీ అందులోనే ఉన్నాయి. ఉచిత సాఫ్ట్‌వేర్‌తో తిరిగి తెచ్చుకోవచ్చా?

జవాబు: ఇది రాన్సమ్‌వేర్, అంటే ఫైళ్లకు తాళం వేసి, విప్పడానికి డబ్బు అడిగే వైరస్. టెన్షన్‌లో సిస్టమ్‌ను ఫార్మాట్ చేసేయకండి, ఆ ఫైళ్లను డిలీట్ చేయకండి. డబ్బు కూడా కట్టొద్దు. కట్టినా తాళంచెవి ఇస్తారన్న నమ్మకం లేదు.

ముందుగా నెట్ తీసేయండి. బ్యాకప్ ఉన్న హార్డ్‌డిస్క్‌ను ఇప్పుడే పెట్టకండి, అదీ బిగుసుకుపోతుంది. మంచి యాంటీవైరస్‌తో పూర్తిగా స్కాన్ చేయించి వైరస్‌ను తొలగించాలి. అది లోపలే ఉంటే, విప్పిన ఫైళ్లకు మళ్లీ తాళం వేస్తుంది.

మీరు చెప్పిన లక్షణాలన్నీ ‘స్టాప్ డీజేవీయూ’ రకానివే. రూఢి చేసుకోవడానికి ‘నో మోర్ రాన్సమ్’ సైట్‌లో క్రిప్టో షెరీఫ్ అనే పేజీ ఉంది. నెదర్లాండ్స్ పోలీసులు, ఐరోపా సమాఖ్య పోలీసు సంస్థ యూరోపోల్ కలిసి రెండు భద్రతా సంస్థల తోడుతో 2016లో మొదలుపెట్టిన సైట్ ఇది. తాళం పడిన ఫైల్ ఒకటి, ఆ రీడ్‌మీ నోట్ అప్‌లోడ్ చేస్తే ఏ రకమో, దానికి ఉచిత డిక్రిప్టర్ (తాళం విప్పే సాఫ్ట్‌వేర్) ఉందో లేదో చెబుతుంది. స్టాప్ డీజేవీయూకి ఎంసీసాఫ్ట్ సంస్థ డిక్రిప్టర్ ఉంది.

అది మీకు పనిచేస్తుందా అన్నది నోట్ చివరి వరుసలో తెలిసిపోతుంది. అక్కడ పర్సనల్ ఐడీ అని పొడవాటి అక్షరాల వరుస ఉంటుంది. అది ‘టీ1’తో ముగిసిందేమో చూడండి. ఈ వైరస్ రన్ అవగానే తన సర్వర్‌ను సంప్రదిస్తుంది. సర్వర్ దొరికితే మీ కంప్యూటర్‌కి మాత్రమే పనికొచ్చే తాళంచెవి తెచ్చుకుంటుంది, దీన్ని ఆన్‌లైన్ కీ అంటారు. దొరక్కపోతే తన లోపలే ఉన్న ఆఫ్‌లైన్ కీ వాడుతుంది. ఆ వెర్షన్ బారిన పడి ఆఫ్‌లైన్‌లో బిగుసుకున్న అందరికీ ఇదే తాళంచెవి. ‘టీ1’ అంటే ఆఫ్‌లైన్ అన్నమాట. బాధితుల్లో ఒక్కరికి అది దొరికి పంచుకున్నా మిగతావాళ్ల ఫైళ్లూ తెరుచుకుంటాయి.

సీ డ్రైవ్‌లో ‘సిస్టమ్ ఐడీ’ ఫోల్డర్ కూడా తెరవండి. అందులోని టెక్స్ట్ ఫైల్‌లో ఒక్కోసారి రెండు మూడు ఐడీలు కనిపిస్తాయి. అంటే కొన్ని ఫైళ్లు ఒక తాళంచెవితో, కొన్ని మరోదానితో బిగుసుకున్నాయి. అన్నీ రాకపోయినా కొన్ని వచ్చే అవకాశం ఉంటుంది.

ఐడీ ఆన్‌లైన్‌ది అయితే ఇప్పటికి ఆ డిక్రిప్టర్ ఏమీ చేయలేదు. ‘మేం విప్పుతాం’ అనే ప్రకటనల జోలికి మాత్రం వెళ్లకండి. 2020లో ఈ వైరస్‌కే డిక్రిప్టర్ అంటూ ఒక నకిలీ తిరిగింది. నమ్మి నడిపినవాళ్ల ఫైళ్లకు రెండో తాళం పడింది. పిల్లల ఫొటోల కోసం తల్లడిల్లేవాళ్లనే ఇలా వేటాడటం చూస్తే కడుపు మండిపోతుంది.

ఇంకో దారి కూడా ఉంది. ఈ వైరస్ ప్రతి ఫైల్‌లో మొదటి 150 కేబీ వరకే మార్చేస్తుంది. అందుకే పెద్ద వీడియోలను రిపేర్ సాఫ్ట్‌వేర్‌తో చాలావరకు బాగుచేయవచ్చు. జిప్ ఫైళ్లయితే చేరిన నాలుగక్షరాలు తీసేసి సెవెన్‌జిప్ అనే సాఫ్ట్‌వేర్‌లో తెరిస్తే, మొదట్లోవి పోయినా మిగతావి బయటికి రావచ్చు. ఏదైనా కాపీ మీదే ప్రయత్నించండి. పాప ఫొటోలు మెసేజ్‌లో ఎవరెవరికి పంపారో గుర్తు చేసుకోండి. సైజు తగ్గినా, వాళ్ల ఫోన్లలో ఉండే ఉంటాయి.

ఈ వైరస్ తరచూ పాస్‌వర్డ్‌లు దొంగిలించే మరో వైరస్‌ను వెంటేసుకుని వస్తుంది. మెయిల్, బ్యాంకు పాస్‌వర్డ్‌లు ఇవాళే వేరే ఫోన్ నుంచి మార్చేయండి. తాళం పడిన ఫైళ్లు, రీడ్‌మీ నోట్, సిస్టమ్ ఐడీ ఫోల్డర్ మూడింటినీ వేరే డిస్క్‌లోకి కాపీ చేసి దాచండి. తాళంచెవి ఎప్పటికైనా బయటపడొచ్చు. ఇలాంటిదే మరో రాన్సమ్‌వేర్ టెస్లాక్రిప్ట్‌ను తయారుచేసినవాళ్లే 2016 మేలో అందరి ఫైళ్లనూ విప్పే మాస్టర్ కీ బయటపెట్టారు. దాచుకున్నవాళ్లకు ఆరోజు ఫైళ్లు తిరిగొచ్చాయి.