పాప మొదటి పుట్టినరోజు విందుకు అప్పు చేయాలా?

విశాఖపట్నంలోని గోపాలపట్నం నుంచి ఒక తల్లి రాశారు. భర్త పరవాడ ఫార్మా కంపెనీలో పనిచేస్తారు, జీతం 42,000. రెండు నెలల్లో పాపకు ఏడాది నిండుతుంది. అత్తగారికి 250 మందిని పిలిచి ఫంక్షన్ హాల్లో రాత్రి విందు ఇవ్వాలని ఉంది. క్యాటరింగ్ వాళ్లు ప్లేటుకు 450 అడిగారు. చేతిలో 60,000 ఉన్నాయి, మిగతా లక్షకు పర్సనల్ లోన్ తీసుకోవచ్చా అన్నది వారి ప్రశ్న.

వద్దమ్మా. ఈ విందుకు అప్పు చేయకండి.

ముందు లెక్క చూద్దాం. 250 ప్లేట్లకు 1,12,500. క్యాటరింగ్ బిల్లు మీద 5 శాతం జీఎస్టీ వేస్తే 1,18,125. ఇక హాలు, డెకరేషన్, కేకు ఉండనే ఉన్నాయి. లక్ష అప్పు 14 శాతం వడ్డీకి రెండేళ్లకు తీసుకుంటే నెలకు సుమారు 4,800 కట్టాలి. పాపకు మూడేళ్లు వచ్చేదాకా ఆ ఒక్క పూట భోజనానికి వాయిదాలు కడుతూనే ఉంటారు.

చాలామంది ఖర్చు తగ్గించాలంటే ముందు మెనూలో ఐటమ్స్ కొట్టేస్తారు. రెండు స్వీట్లు తీసేసినా పెద్దగా మిగలదు. మనుషుల సంఖ్య తగ్గితేనే బిల్లు తగ్గుతుంది. పైగా ఇన్ని ప్లేట్లని గ్యారంటీ ఇచ్చాక జనం రాకపోయినా డబ్బు కట్టాల్సిందే. మా తమ్ముడి కొడుకు పుట్టినరోజుకు 200 ప్లేట్లు చెప్పాం. ఆ సాయంత్రం జోరు వాన పట్టుకుంది, వచ్చింది 140 మంది. రాత్రి పదకొండింటికి మూత తీస్తే బిర్యానీ సగం గిన్నె అలాగే ఉంది, పక్కన బకెట్లో పెరుగు పులిసిపోయింది. ఎవరికైనా పంచుదామన్నా ఈ ఊరి ఉక్కపోతలో అన్ని గంటలు నిలవున్న అన్నం ఇంకొకరికి పెట్టలేం. అంతా పారబోశాం. మా మరదలు ఆ గిన్నె పక్కనే కూర్చుని ఏడ్చింది. నేను ఈ మాట ఇంత గట్టిగా చెప్పేది అందుకే.

మీ విందును ఆదివారం మధ్యాహ్నానికి మార్చండి. మధ్యాహ్నమైతే స్టార్టర్లు, ఐస్‌క్రీమ్ కౌంటర్ ఎవరూ అడగరు. పాప కూడా మెలకువగా ఉంటుంది. రాత్రి తొమ్మిదింటికి నిద్రమొహంతో ఏడుస్తున్న బిడ్డ చేత కేకు కోయించడం చూస్తే నాకు బాధేస్తుంది. వంద మందిని పిలవండి. అపార్ట్‌మెంట్ సెల్లార్లోనో మేడ మీదో షామియానా వేయించి, వంట మాస్టారిని మాట్లాడుకుని, సరుకులు మీరే తెచ్చుకోండి. కూరగాయలకు రైతు బజారు, పప్పులూ నూనెలకు పూర్ణా మార్కెట్. మాస్టారు ఇచ్చిన చీటీ చూడకుండా కొనేయకండి, ఎన్ని కిలోల బియ్యం రాశారో అడగండి. బిర్యానీకి కిలో బియ్యం ఎనిమిది నుంచి పదిమందికి వస్తుంది. వంద మందిలో పాతిక మంది పిల్లలుంటే పది, పదకొండు కిలోలు చాలు. చికెన్ బిర్యానీ, గుత్తివంకాయ, పప్పు, పులిహోర, పూర్ణం బూరెలు, పెరుగు. శాకాహారులకు పనసకాయ కూర చేయిస్తే వాళ్లకూ నిండుగా ఉంటుంది. నా దగ్గర సలహా తీసుకుని ఇలా చేసుకున్నవాళ్లకు మాస్టారి కూలితో కలిపి ప్లేటు 250 లోపే పడింది. అంటే 25,000. షామియానా, కుర్చీలు, కేకు అన్నీ కలిపి ఇంకో 15,000 అనుకోండి. మీ 60,000లో ఇంకా 20,000 మిగులుతాయి.

పాప కోసం ఉప్పూ కారం తగలకుండా పప్పు, అన్నం విడిగా మెత్తగా వండించండి. వేరుశనగ గింజలు, గుండ్రటి ద్రాక్షపళ్లు ఆ చిన్న చేతికి అందకుండా చూడండి, గొంతులో అడ్డం పడతాయి.

అత్తగారి మాట కొట్టిపారేయకండి. “పిలవకపోతే ఏమనుకుంటారో” అన్న ఆవిడ బెంగ నిజమైనదే. పిలవలేని దగ్గరి చుట్టాల ఇళ్లకు పాపను తీసుకుని, పావుకిలో మాడుగుల హల్వాతో వెళ్లిరండి. ఎవరెవరి ఇళ్లకు వెళ్లాలో ఆ లిస్టు అత్తగారినే రాయమనండి.

మిగిలిన 20,000లో కొంత పెట్టి పోస్టాఫీసులో పాప పేరున సుకన్య సమృద్ధి ఖాతా (ఆడపిల్లల కోసం ప్రభుత్వం పెట్టిన పొదుపు పథకం) తెరవండి. ఏడాదికి కనీసం 250 కడితే చాలు, గరిష్ఠం లక్షన్నర. నెలకు 2,000 చొప్పున 15 ఏళ్లు కడితే, 2024 జనవరి నుంచి అమల్లోకి వచ్చిన 8.2 శాతం వడ్డీయే చివరిదాకా ఉంటుందనుకుంటే, ఖాతా తెరిచి 21 ఏళ్లు నిండేసరికి సుమారు 11 లక్షలవుతుంది. వడ్డీని మూడు నెలలకోసారి సమీక్షిస్తారు కాబట్టి కాస్త అటూ ఇటూ కావచ్చు. పాప జనన ధ్రువపత్రం, మీ ఆధార్, పాన్ పట్టుకెళ్లండి.